జైసల్మేర్ ఎడారిలో బ్యాగు వేసుకుని మూడు రోజులు నడవాలని ఉంది, సలహాలు కావాలి

కల్లూరు కుర్రోడు (కర్నూలు):

అందరికీ నమస్తే. మేం నలుగురం, అందరం ఉద్యోగాల్లో ఉన్నోళ్లమే, డిసెంబర్ ఆఖర్లో ఒక వారం సెలవు దొరికేలా ఉంది. నడక మాకు కొత్త కాదు. అహోబిలంలో ఉగ్రస్తంభం ఎక్కాం, శివరాత్రికి వెంకటాపురం, నాగలూటి మీదుగా అడవిలో శ్రీశైలానికి కాలినడకన పోయే బ్యాచ్ మాది. ఈసారి అడవి వద్దు, ఎడారికి పోదాం అని ఒకడు మొదలుపెట్టాడు. ఇక వాడు నిద్రపోడు, మమ్మల్ని నిద్రపోనివ్వడు.

అనుకుంటున్నది ఏంటంటే, జైసల్మేర్ దగ్గర డెజర్ట్ నేషనల్ పార్క్ ఉంది కదా, సమ్ ఇసుక తిన్నెల దగ్గర మొదలుపెట్టి, పార్కు లోపలి నుంచే దక్షిణంగా ఖూరీ అనే ఊరికి నడుచుకుంటూ పోవడం, దారిలో ఎక్కడ చీకటి పడితే అక్కడ టెంట్ వేసుకోవడం. మ్యాపులో చూస్తే పెద్ద దూరం ఏం కాదు అనిపిస్తోంది. జీపులో గంటసేపు తిప్పి, తలకు రంగు పాగా చుట్టి ఫోటో తీసి డబ్బులు గుంజే టూర్ మాకొద్దు. ఒంటె ఎక్కి ఊగడం అంతకన్నా వద్దు.

పర్మిషన్ కావాలా, కావాలంటే ఎవరిస్తారు? మనిషికి నీళ్లు ఎన్ని మోయాలి, దారిలో బావులేమైనా ఉంటాయా? రాత్రి చలి ఎంత ఉంటుంది? మామూలు టెంట్ ఇసుకలో నిలబడుతుందా? మావాడొకడు "మే నెలలో కర్నూల్లో బతికినోడికి డిసెంబర్ ఎడారి ఒక లెక్కా" అంటున్నాడు, వాడి నోరు మూయించే మాట ఎవరి దగ్గరైనా ఉంటే అదీ చెప్పండి. ఇంట్లో అమ్మకు మాత్రం రాజస్థాన్ టూర్ అని చెప్పి ఊరుకున్నా, టెంట్ సంగతి ఇక్కడే ఉంచండి.

హగరి ఒడ్డు (బొమ్మనహాళ్, అనంతపురం జిల్లా):

తమ్ముడూ, ముందే చెప్పేస్తా, మీరు మ్యాపు మీద గీసుకున్న గీత ఆ పార్కులో సాగదు. అది 3,162 చదరపు కిలోమీటర్ల జాగా, జైసల్మేర్, బార్మేర్ రెండు జిల్లాల్లో పరుచుకుని ఉంది. లోపల ఊళ్లున్నాయి, గొర్రెల మందలున్నాయి, పొలాలున్నాయి, అందుకే చూసినోళ్లకు "ఎవరడుగుతారులే" అనిపిస్తుంది. అడుగుతారు. బట్టమేక పిట్టలు (గ్రేట్ ఇండియన్ బస్టర్డ్) గుడ్లు పెట్టే చోట్లను కంచె వేసి కాపాడుతున్నారు, సుదాసరి అనేది అందులో ముఖ్యమైనది. అక్కడికి పోవాలంటే జైసల్మేర్‌లో వైల్డ్‌లైఫ్ వాళ్ల ఆఫీసులో అనుమతి తీసుకుని వాళ్లు చెప్పిన దారిలో, వాళ్లు చెప్పిన టైముకు పోయి రావాలి. బ్యాగు వేసుకుని నచ్చిన చోట టెంట్ వేస్తామంటే కుదరదు.

రెండో సంగతి సరిహద్దు. పడమటికి జరిగేకొద్దీ పాకిస్తాన్ దగ్గరవుతుంది. నలుగురు కుర్రోళ్లు, భుజాన పెద్ద బ్యాగులు, చేతిలో మ్యాపు, నోట్లో వచ్చీరాని హిందీ, ఇట్లా కనబడితే పోలీసులో బీఎస్ఎఫ్ వాళ్లో ఆపి గంటలకొద్దీ కూర్చోబెట్టినా వాళ్లను తప్పు పట్టలేం. ఆధార్ కార్డు ప్రతి ఒక్కరి దగ్గరా ఉండాలి. డ్రోన్ ఊసే ఎత్తొద్దు. సిగ్నల్ దొరకదు కాబట్టి శాటిలైట్‌తో మెసేజ్ పంపే డివైస్ కొనుక్కోమని ఎవడైనా యూట్యూబ్ చూసి సలహా ఇస్తే వినొద్దు. మన దేశంలో అనుమతి లేకుండా అలాంటివి దగ్గర పెట్టుకుంటే కేసే, తెలియక తెచ్చుకున్న విదేశీ టూరిస్టులే వాటితో దొరికి ఇరుక్కున్నారు.

అలాగని మానుకోమనడం లేదు. ఖూరీ వైపు, కంచె వేసిన ప్రాంతాలకు దూరంగా, ఊళ్ల వాళ్లే ఒంటెలతో రెండు మూడు రోజులు తిప్పుతారు, రాత్రి ఇసుకలోనే పడుకోబెడతారు. ఒంటె ఎక్కమని ఎవరన్నారు? ఒంటె మీద నీళ్లు, దుప్పట్లు, వంట సామాను వేసి మీరు పక్కన నడవండి. ఒంటె నూరు కిలోలకు పైనే సునాయాసంగా మోస్తుంది. దారి ఆ మనిషికి తెలుసు, ఎవరి పొలంలోంచి పోవచ్చో, ఎవరు ఊరుకోరో కూడా ఆయనకే తెలుసు. మీ పంతం కోసం ఆయన్ను వదులుకుంటే నష్టపోయేది మీరే.

ఎందుకంటే నీళ్ల లెక్క చూడండి. నడిచే మనిషికి రోజుకు తక్కువలో తక్కువ 4 లీటర్లు తాగడానికే కావాలి, చలికాలమైనా సరే. వంటకు, చేయి కడగడానికి ఇంకొంచెం. మూడు రోజులకు తాగే నీళ్లే 12 లీటర్లు, అంటే 12 కిలోలు. టెంటు, పడక, బట్టలు, తిండి కలిపి ఎంత తగ్గించినా ఇంకో 9, 10 కిలోలు. 22 కిలోలు వీపున వేసుకుని ఇసుకలో ఎంత దూరం పోతారో ఇక్కడే చూసుకోండి, దానికి రాజస్థాన్ దాకా పోవాల్సిన పని లేదు, మా ఊరి వైపు రండి. బొమ్మనహాళ్, కణేకల్లు మండలాల్లో హగరి ఏటి పక్కన దర్గా హొన్నూరు, గోవిందవాడ దగ్గర ఇసుక మేటలు ఉన్నాయి. గాలికాలంలో ఆ ఇసుక లేచి పొలాల మీద పడి పంటలను కప్పేస్తుంది, రైతులకు అదొక శాపం. మీకు మాత్రం ప్రాక్టీస్‌కు పనికొస్తుంది. ఒక ఆదివారం 15 కిలోల బ్యాగుతో ఒక పూట నడిచి చూడండి. అడుగు వేస్తే మడమ దిగబడుతుంది, ఆ కాలి మీద బరువు పెట్టి లేచేలోపు ఇసుక జారి సగం అడుగు వెనక్కి లాగుతుంది. అరగంటకే పిక్కలు రాళ్లయిపోతాయి. గట్టి నేల మీద గంటకు 5 కిలోమీటర్లు నడిచేవాడు అక్కడ సగం నడిస్తే గొప్ప. అయితే ఇసుక అంతా ఒకేలా ఉండదు. గాలి తగిలే వైపు గట్టిపడి ఉంటుంది, గాలి చాటు వైపు మెత్తగా జారుతుంటుంది. దిబ్బకు అడ్డంగా ఎగబడకుండా శిఖరం వెంబడి పోతే శ్రమ చాలా తగ్గుతుంది. మంచు పడిన తెల్లవారుజామున పైపొర బిగుసుకుని ఉంటుంది కాబట్టి నడకంతా పొద్దున్నే కానిచ్చుకోండి.

ఇంకోటి, ఎడారి అంటే అంతా ఇసుకే అనుకుని పోతే నిరాశ పడతారు. పార్కులో ఎక్కువ భాగం గట్టి నేల, రాళ్లు, గడ్డి. సమ్ దిబ్బలు ఫోటోలకు బాగుంటాయి కానీ అక్కడంతా క్యాంపులు, డీజే, జీపుల మోత.

టవర్ క్లాక్ (అనంతపురం):

ఎందుకప్పా అంత దూరం, రైలు చార్జీలు దండగ. మే నెలలో మా ఊరికి రాండి, రూమ్ నేనిస్తా, కరెంటు పోయినప్పుడు మిద్దె మీద పడుకోండి. ఎడారి అనుభవం ఫ్రీ. జైసల్మేర్ తర్వాత దేశంలో వాన తక్కువ పడేది మా జిల్లాలోనే అని బడిలో చదువుకున్నాం, రెండో ర్యాంకు వాళ్లం, మమ్మల్ని అంత తేలిగ్గా తీసేయొద్దు.

హగరి ఒడ్డు:

ఆ రెండో ర్యాంకు బడి మాటే సామీ, రాజస్థాన్‌లోనే మనకంటే వాన తక్కువ పడే జిల్లాలు ఇంకా ఉన్నాయి. జైసల్మేర్‌తో మార్కుల తేడా కూడా చూడు. మనకు ఏడాదికి 550 మిల్లీమీటర్ల దాకా పడుతుంది, వాళ్లకు 200 దరిదాపుల్లోనే. ఆ తేడా వల్లే మన దగ్గర శెనక్కాయ వేస్తారు, అక్కడ మేకలు, గొర్రెలు, ఒంటెలు మేపుకుంటారు. తమ్ముడి ఫ్రెండుకు ఇదే జవాబు. ఎండను ఓర్చుకోవడం వేరు, నీళ్లు దొరకని చోట నడవడం వేరు. కర్నూల్లో ఎండ కొడితే పక్కనే సోడా బండి ఉంటుంది.

రోళ్లపాడు గడ్డి (నందికొట్కూరు):

పార్కులో నడవనివ్వరు అంటే మీకు కోపం రావొచ్చు, ఎందుకు నడవనివ్వరో కర్నూలు వాళ్లకు చెప్పక్కర్లేదు అనుకుంటా, అయినా చెప్తాను. రోళ్లపాడు తెలుసు కదా, మిడుతూరు మండలం, ఇప్పుడు నంద్యాల జిల్లాలోకి వెళ్లింది. 1988లో బట్టమేక పిట్ట కోసమే దాన్ని అభయారణ్యం చేశారు, 6.14 చదరపు కిలోమీటర్లు. మా నాన్న వాళ్ల కాలంలో చేలల్లో కనబడేదట, మీటరు ఎత్తు పిట్ట, మగది 15 కిలోల దాకా తూగుతుంది. ఇప్పుడు అక్కడ కృష్ణజింకలు దండిగా ఉన్నాయి, బట్టమేక కోసం వెళ్లినవాళ్లు గడ్డి చూసి తిరిగొస్తున్నారు. చుట్టూ గడ్డిభూములన్నీ పంట పొలాలైపోయాయి, కాలవ నీళ్లు వచ్చాయి, కుక్కలు పెరిగాయి. ఎవరినని అంటాం.

దేశం మొత్తం మీద ఇప్పుడు మిగిలినవి 150 లోపే, అందులో ఎక్కువ శాతం మీరు పోదామనుకుంటున్న జైసల్మేర్ చుట్టుపక్కలే. అది నేల మీదే, గడ్డి మధ్యలో, సాధారణంగా ఒకే ఒక్క గుడ్డు పెడుతుంది. మనిషి అలికిడికి తల్లి లేచిపోయిందంటే గుడ్డు కుక్కకో నక్కకో కాకికో దక్కుతుంది. పైగా దానికి ఎదురుగా ఉన్నది సరిగ్గా కనబడదు, ఎగురుతూ పోయి కరెంటు తీగలకు తగిలి చస్తోంది. ఆ గొడవ సుప్రీంకోర్టు దాకా పోయింది, 2021లో తీగలు భూమిలో వేయమన్నారు, 2024లో ఆ ఆర్డర్ మార్చి కమిటీ వేశారు. ఇంకోవైపు 2019 నుంచి సమ్ దగ్గర కేంద్రంలో గుడ్లు పొదిగించి పిల్లల్ని పెంచుతున్నారు. ఇంత తంటాలు పడుతున్న చోట మనం టెంట్ వేసుకుని పాటలు పెట్టుకుంటామంటే ఎలా చెప్పండి.

నా సలహా, సుదాసరికి ఒక పొద్దున కేటాయించండి. తెల్లవారగానే గేటు దగ్గర ఉండాలి. బైనాక్యులర్ లేకుండా పోవద్దు, పిట్ట దూరంగా గడ్డిలో మెడ మాత్రం పైకి పెట్టి నిలబడి ఉంటుంది, మామూలు కంటికి ఎండిన కట్టెలా ఉంటుంది. అది కనబడకపోయినా చలికాలం కాబట్టి రాబందులు, గద్దలు, చింకారా జింకలు, ఎడారి నక్క, వీటిలో ఏదో ఒకటి గ్యారంటీ. చెట్లు చూసి మాత్రం ఆశ్చర్యపోతారు. మన జమ్మి, మన జిల్లేడే అక్కడా. ఆ ఊళ్లలో జమ్మి కాయలు ఎండబెట్టి కూర వండుతారు, ఎక్కడైనా పెడితే వదలకండి.

కల్లూరు కుర్రోడు:

అన్నలందరికీ థ్యాంక్స్. నిజం చెప్పాలంటే కొంచెం చప్పబడిపోయాం, ఒకడైతే గ్రూపులోంచి లెఫ్ట్ కొట్టి మళ్లీ వచ్చాడు. బట్టమేక సంగతి చదివాక పార్కు లోపల నడక అనే మాట వదిలేశాం. కానీ ఒంటె మీద సామాను వేసి నడిస్తే అది బ్యాక్‌ప్యాకింగ్ ఎట్లా అవుతుందని మా ఫ్రెండు ఏడుపు. అమెరికాలో ఎడారుల్లో జనం రోజులకొద్దీ సొంతంగా నడుస్తారు కదా, వాళ్లు నీళ్లు ఎట్లా మోస్తారు?

మైదుకూరు టు టెక్సాస్ (కడప జిల్లా):

నేను చెప్తా. మాది మైదుకూరు, ఉద్యోగం డాలస్ దగ్గర. ఇక్కడ టెక్సాస్‌లో రియో గ్రాండే నది ఒడ్డున, మెక్సికో సరిహద్దులో బిగ్ బెండ్ నేషనల్ పార్క్ ఉంది, 1944లో పెట్టారు, సైజులో దాదాపు మీ జైసల్మేర్ పార్కంతే, 3,240 చదరపు కిలోమీటర్ల చిల్లర. అందులో ఔటర్ మౌంటెన్ లూప్ అని 48 కిలోమీటర్ల దారి, జనం సాధారణంగా మూడు రోజుల్లో చేస్తారు. సగం కొండ, సగం ఎడారి. రాత్రి ఉండాలంటే పర్మిట్ తప్పనిసరి, ఇక్కడా ఇష్టమొచ్చినట్టు ఏం ఉండదు.

నీళ్లు ఎట్లా అంటే, వాళ్లు కూడా మొత్తం మోయరు తమ్ముడూ. దారి మధ్యలో హోమర్ విల్సన్ రాంచ్ అనే పాత ఇల్లు ఉంది, అక్కడిదాకా కారు పోతుంది, అక్కడ ఇనుప పెట్టెలు ఉంటాయి. నడక మొదలయ్యే ముందు రోజే కారులో పోయి, గట్టి ప్లాస్టిక్ క్యాన్లలో నీళ్లు నింపి, పేరు, తేదీ రాసి ఆ పెట్టెలో పెట్టి వస్తారు. రెండో రోజు అక్కడికి చేరేసరికి నీళ్లు రెడీ. ఊటలు మ్యాపులో ఉంటాయి కానీ వాటిని నమ్ముకుని ఎవరూ బయల్దేరరు. పార్కు వాళ్లు చెప్పేది కూడా మనిషికి రోజుకు ఒక గ్యాలన్, అంటే హగరి అన్న చెప్పిన 4 లీటర్లే. ఖాళీ క్యాన్లు తిరిగి పోయి తెచ్చుకోవాలి, వదిలేస్తే చెత్త కిందే లెక్క. కాబట్టి మీ ఫ్రెండుకు చెప్పండి, ఇక్కడ కారు చేసే పని అక్కడ ఒంటె చేస్తుంది, పరువు ఏం పోదు. మీ సొంత బ్యాగు, పడక, ఆ రోజు నీళ్లు మీరే మోయండి, మిగతా నీళ్లు ఒంటెకు ఇవ్వండి. అప్పుడు బ్యాగు 12, 13 కిలోలకు దిగుతుంది, అది మనిషి మోసే బరువు.

ఎండతో పరాచికాలు ఆడితే ఏమవుతుందో ఇక్కడ కళ్లారా చూస్తుంటాం. 2023 జూన్‌లో ఇదే బిగ్ బెండ్‌లో 48 డిగ్రీల ఎండలో నడకకు పోయి ఒక పిల్లాడు, అతని కోసం సాయం తేవడానికి కారు దగ్గరికి పరుగెత్తిన మారుతండ్రి, ఇద్దరూ పోయారు. మీరు డిసెంబర్‌లో పోతున్నారు కాబట్టి ఆ గండం లేదు. మార్చి దాటాక మాత్రం ఎవరు పిలిచినా పోవద్దు.

సామాన్ల విషయం. షూ పైన జాలీ ఉన్న రన్నింగ్ షూ వేసుకోకండి, ఇసుక లోపలికి కారుతూనే ఉంటుంది. అర సైజు పెద్దది కొనండి, నడిచేకొద్దీ పాదం ఉబ్బుతుంది. పాత సాక్సు పైభాగం కత్తిరించి షూ మీదికి లాగి కట్టుకుంటే ఇసుక లోపలికి రాకుండా షూ మీద తొడిగే గెయిటర్ల పని అదే చేస్తుంది, రెండు వేలు మిగులుతాయి. ఫుల్ చేతుల లూజు చొక్కా, అంచులున్న టోపీ, మెడకు తువ్వాలు. టెంట్ మేకులు ఇసుకలో నిలవవు, గాలి కొంచెం లేచిందంటే టెంట్ మీ కంటే ముందు పాకిస్తాన్ పోతుంది. చిన్న సంచుల్లో ఇసుక నింపి, తాడు కట్టి, అడుగు లోతున పూడ్చాలి. అసలు నన్నడిగితే డిసెంబర్‌లో అక్కడ వాన రావడం అరుదు, టెంట్ దండగ, కింద ఒక టార్పాలిన్, మీద స్లీపింగ్ బ్యాగు చాలు. చుక్కలు చూసుకుంటూ పడుకోవచ్చు.

సిస్టరక్క (ప్రొద్దుటూరు):

టెంట్ దండగ అన్న ఆ తమ్ముడి మాట పట్టించుకోకండి. నేను నర్సును, చుక్కల సంగతి నాకు తెలీదు కానీ తేళ్ల సంగతి తెలుసు. చలికాలం పాములు పెద్దగా తిరగవు, నిజమే, అయినా చిన్న పింజర మన రాయలసీమలో ఎంత మామూలో అక్కడా అంతే, చీకట్లో ఇసుకలో కలిసిపోయి పడి ఉంటుంది. జిప్పు పూర్తిగా మూసుకునే టెంటో, లేదంటే నవారు మంచమో ఉండాల. ఒంటెల వాళ్లు మంచం ఇస్తే ఇంకా మంచిది. పొద్దున షూ తిప్పి దులిపాకే కాలు పెట్టండి. రాత్రి ఒంటికి పోయినా టార్చ్ లేకుండా అడుగు వేయొద్దు. పొరపాటున కాటు పడితే కోయడం, నోటితో పీల్చడం, తాడుతో బిగించి కట్టడం ఏదీ వద్దు. కదలకుండా కూర్చోబెట్టి, బండి పిలిపించి జైసల్మేర్ పెద్దాసుపత్రికి తీసుకుపోవడమే. అందుకే రోజూ సాయంత్రం మకాం వేసే చోటికి జీపు వస్తుందా రాదా అని ముందే అడిగి పెట్టుకోండి, సిగ్నల్ ఏ దిబ్బ ఎక్కితే వస్తుందో కూడా.

నీళ్ల గురించి ఇంకో మాట. అక్కడి చలిగాలి ఎంత పొడిగా ఉంటుందంటే చెమట పట్టినట్టే తెలీదు, పట్టిన వెంటనే ఆరిపోతుంది. దాహం లేదని తాగకుండా నడుస్తారు, సాయంత్రానికి తలనొప్పి, వాంతి వచ్చినట్టు ఉంటుంది. దాహం కోసం చూడకుండా ఒక్కో గుక్క తాగుతూనే ఉండండి. మూత్రం పచ్చగా చిక్కగా వస్తుంటే నీళ్లు చాలడం లేదని అర్థం. అలాగని ఉప్పు లేకుండా వట్టి నీళ్లే లీటర్లు లీటర్లు తాగినా ప్రమాదమే, రక్తంలో ఉప్పు పలచబడుతుంది. ఓఆర్ఎస్ ప్యాకెట్లు తీసుకుపోండి, లీటర్ ప్యాకెట్‌ను లీటర్ నీళ్లలోనే కలపాల, రుచిగా లేదని సగం నీళ్లలో కలిపే మహానుభావులు ఉంటారు. మీలో ఎవరికైనా బీపీకి మూత్రం ఎక్కువ పోయే మాత్ర ఉంటే బయల్దేరే ముందు డాక్టర్‌ను అడగండి.

చలి మాత్రం తక్కువ అంచనా వేయొద్దు. పగలు 24, 25 ఉంటుంది, తెల్లవారుజాముకు 7, 8కి, కొన్ని రోజులు ఇంకా కిందికి దిగుతుంది. మన సీమ వాళ్లకు 15 అంటేనే మఫ్లరు. సున్నా దగ్గరి చలికి సరిపోయే స్లీపింగ్ బ్యాగు, ఉన్ని టోపీ, పొడి సాక్సులు ఒక జత కేవలం పడుకోవడానికి. నడిచిన చెమట బనీనుతోనే పడుకుంటే ఆ రాత్రి వణికిపోతారు. కాలి గోళ్లు మూడు రోజుల ముందే కత్తిరించుకోండి, మడమ దగ్గర బొబ్బ లేవకముందే ప్లాస్టర్ వేయండి. లేచాక వేస్తే ఏం లాభం.

తిండికి స్టవ్ పెట్టుకోకండి, వండితే నీళ్లు, కడిగితే నీళ్లు. కడక్ జొన్న రొట్టెలు తీసుకుపోండి, వారాలైనా చెడవు. శెనక్కాయల పొడి, బెల్లం, వేయించిన బొరుగులు. ఒంటెల వాళ్లు రాత్రికి సజ్జ రొట్టె, పప్పు ఎట్లాగూ చేస్తారు.

ఇంకా, మీ అమ్మకు చెప్పండి నాయనా. ఏ ఊరి నుంచి ఏ ఊరికి, ఎవరి ఒంటెలతో, ఏ రోజు తిరిగి రోడ్డెక్కుతారు, ఆ మనిషి ఫోన్ నంబరు ఏంటి, ఇవన్నీ కాగితం మీద రాసి ఇంట్లో ఒకరి చేతిలో పెట్టి పోవాల. ఆ రోజు సాయంత్రానికి ఫోన్ రాకపోతే ఎవరికి చేయాలో వాళ్లకు తెలిసి ఉండాల.

మైదుకూరు టు టెక్సాస్:

సరే అక్కా, టెంట్ విషయంలో మీదే పైచేయి. కానీ ఇసుక సంచులు మాత్రం మర్చిపోవద్దు.

కల్లూరు కుర్రోడు:

అక్కా, మీ పోస్టు అమ్మకు చదివి వినిపించా. టెంట్ సంగతి బయటపడింది, తిట్లు కూడా పడ్డాయి, కానీ పర్మిషన్ దొరికింది.

ఇప్పటికి ఇట్లా అనుకున్నాం. కర్నూలు నుంచి హైదరాబాద్, కాచిగూడలో భగత్ కీ కోఠీ రైలు, అది జోధ్‌పూర్ పక్కనే దింపుతుంది, అక్కడి నుంచి జైసల్మేర్ బస్సో రైలో. మొదటి రోజు రెస్టు, అనుమతి పనులు, ఊరికి దగ్గరే కదా అని అకల్ దగ్గరి రాతి చెట్ల పార్కు. 18 కోట్ల ఏళ్ల కిందటి మానులు రాళ్లయి పడి ఉన్నాయంట, బేలం గుహలు చూసినోళ్లం దాన్ని వదులుతామా. మర్నాడు పొద్దున సుదాసరి. ఆ తర్వాత ఖూరీ నుంచి రెండు రాత్రులు, మూడు పగళ్లు ఒంటె పక్కన నడక. దానికి ముందు వచ్చే ఆదివారం హగరి ఇసుకలో బ్యాగులతో ప్రాక్టీస్. హగరి అన్నా, పొద్దున ఎన్నింటికి రమ్మంటారు? ఖూరీలో ఒంటెల వాళ్లతో మాట్లాడేటప్పుడు ఏమేం అడగాలో కూడా చెప్పండి, ఒకాయన ఫోన్లో మనిషికి ఇంత అని చెప్పి అడ్వాన్స్ మొత్తం పంపమంటున్నాడు.

హగరి ఒడ్డు:

ఆరు గంటలకల్లా బొమ్మనహాళ్‌లో ఉండండి, ఎండ ఎక్కాక ప్రాక్టీస్ కాదు శిక్ష అవుతుంది. టిఫిన్ మా ఇంట్లో, ఉగ్గాని బజ్జీ.

అడ్వాన్స్ మొత్తం పంపొద్దు. కొంచెం పంపి మిగతాది అక్కడికి పోయాక. డిసెంబర్ 25 నుంచి న్యూ ఇయర్ దాకా అక్కడ రేట్లు కొండెక్కి కూర్చుంటాయి, వీలైతే వారం ముందుకో జనవరి రెండో వారానికో జరుపుకోండి, లేకపోతే ఖర్చు తడిసి మోపెడవుతుంది. ఫిబ్రవరిలో డెజర్ట్ ఫెస్టివల్ ఉంటుంది, అప్పుడూ ఇదే కథ. మాట్లాడేటప్పుడు మనిషికి ఎంత అని కాదు, ఎన్ని ఒంటెలు, మొత్తం ఎన్ని లీటర్ల నీళ్లు, దుప్పట్లు వాళ్లవా మీవా, రోజుకు ఎన్ని గంటల నడక, ఇవి అడిగి వాట్సాప్‌లో రాయించుకోండి. "మేం ఎక్కం, నడుస్తాం" అని ముందే చెప్పండి, లేదంటే నలుగురికి నాలుగు సవారీ ఒంటెలు తెచ్చి నాలుగింటి డబ్బులు అడుగుతారు. మీకు సామానుకు రెండు చాలు. నీళ్లు బయల్దేరే ముందు మీరే లెక్కపెట్టి ఎక్కించండి, 20 లీటర్ల క్యాన్లు మూడు అయితే నలుగురికి మూడు రోజులకు 60 లీటర్లు. మీరు తాగేది 48, మిగిలిన 12 వంటకూ ఒంటెల ఆయనకూ సరిపోవు, నాలుగో క్యాను కూడా వేయించండి.